ఆట వెనక పద్దు పుస్తకం

క్రికెట్ 07 అనే కంప్యూటరు ఆట 2006 నవంబరులో విడుదలైంది. ఐపీఎల్ 2008లో మొదలైంది. సన్‌రైజర్స్ హైదరాబాద్ జట్టు 2013లో గానీ మైదానంలోకి దిగలేదు. ఈ మూడు తేదీలూ ఒప్పుకున్నాక చదువరులు ఒక ప్రశ్నకు జవాబు చెప్పాలి. మా హాస్టలు గదిలో, మూడు చేతులు మారి వచ్చిన పాత కంప్యూటరు మీద, ఆ 2006 నాటి ఆటలోనే సన్‌రైజర్స్ వాళ్ళు నారింజ చొక్కాలు తొడుక్కుని బ్యాటింగు చేస్తున్నారు. అప్పటికి పుట్టని జట్టు ఆ ఆటలోకి ఎట్లా వచ్చింది?

కంపెనీ వాళ్ళే తరవాత పంపి ఉంటారని అనుకోవడానికి లేదు. ఈఏ స్పోర్ట్స్ వారి క్రికెట్ ఆటల వరసలో అదే ఆఖరిది. ఆ తరవాత వాళ్ళు ఆ వంక చూడలేదు. పైగా లైసెన్సు ఒప్పందాల కారణంగా అందులో ఆస్ట్రేలియా, ఇంగ్లండు ఆటగాళ్ళకే సొంత పేర్లుండేవి. మనవాళ్ళ పేర్లను అక్షరాలు అటూ ఇటూ మార్చి, ఎవరో దూరపు చుట్టాల పేర్ల లాగా పెట్టారు. ఆ పేర్లను సరిచేసిందీ, కొత్త జట్లను చేర్చిందీ, ఏటేటా వేలంలో చేతులు మారే ఆటగాళ్ళను ఆటలో కూడా జట్లు మార్చిందీ అభిమానులే. జీతం లేదు, భత్యం లేదు. వీళ్ళను మాడర్లు అంటారు. ఆటను మార్పు చేసేవాళ్ళని అర్థం.

ఈ మార్పు ఎట్లా చేస్తారు, దానికి ఆధారమేమిటి, అందులోంచి మనబోటి వాళ్ళం నేర్చుకోవలసింది ఏమన్నా ఉన్నదా అని చెప్పడమే ఈ నాలుగు మాటల ఉద్దేశం. సావనీరులో ఆటల గోల ఏమిటని లెక్చరర్లు కోపగించుకోవద్దని మనవి. కొంచెం ఓపిక పడితే ఇది మా ఇటిక్యాల పొలాల దాకా వస్తుంది.

ఆటగాళ్ళ వివరాలన్నీ ఆటలో ఒక ఫైలులో ఉంటాయి. ఆ ఫైలును ఉన్నదున్నట్టు తెరిచి చూస్తే ఏమీ అర్థం కాదు. అంకెల మీద అంకెలు, మధ్యలో ఎక్కడో ఒక పేరు ముక్క. ఒక చోట 75 అని కనబడిందనుకోండి. అది అతని పరుగు వేగమా, చొక్కా మీద నంబరా, బరువా? అంకె తనంతట తాను ఏమీ చెప్పదు. అది ఏ గడిలో ఉన్నదో తెలిస్తేనే దానికి అర్థం.

ఈ సంగతి నాకు కంప్యూటరు కంటే ముందు మా ఇంట్లోని రేకు పెట్టె నేర్పింది. అందులో 1954-55 నాటి ఖాస్రా పహాణి నకలు ఒకటి భద్రంగా ఉంది. మొత్తం ఉర్దూ. అంకెలు కూడా ఉర్దూవే. మా తాత దాన్ని పండుగకు తీసి, దులిపి, మళ్ళీ పెట్టేవాడు గానీ చదవగలిగినవాడు ఇంట్లో ఎవడూ లేడు. ఒకసారి గద్వాల నుంచి ఉర్దూ తెలిసిన ఒక పెద్దమనిషి పెళ్ళికి వస్తే, మా నాయన ఆయన ముందు ఆ కాయితం పరిచినాడు. ఆయన వరసలన్నీ చదువుతూ కూర్చోలేదు. పైనున్న తలకట్టు ఒక్కటి చదివి, ఏ గడి సర్వే నంబరు, ఏది విస్తీర్ణం, ఏది శిస్తు, ఏది పట్టాదారు పేరు, ఏది సేద్యం చేసేవాని పేరు అని తెలుగులో ఒక చీటీ మీద వరసగా రాసిచ్చినాడు. దాని కిందనే పది ఉర్దూ అంకెలూ, వాటి పక్కన మన అంకెలూ. “ఇక మీరే చదువుకోండి” అని లేచి భోజనానికి పోయినాడు. ఆ సాయంత్రానికల్లా మా నాయన తన తాతకు ఏ నంబరులో ఎన్ని ఎకరాల ఎన్ని గుంటలున్నదో తానే చదివి చెప్పినాడు.

ఆ చీటీనే కంప్యూటరు భాషలో స్కీమా అంటారు.

సమాచారాన్ని పట్టికలుగా, అడ్డు వరసలూ నిలువు గడులూగా అమర్చి, ఒక పట్టికను ఇంకొక పట్టికతో ముడివేసే పద్ధతిని గూర్చి ఐబీఎంలో పనిచేసిన కాడ్ అనే శాస్త్రజ్ఞుడు 1970లో ఒక పత్రం ప్రచురించాడు. ఇవాళ బ్యాంకు ఖాతా నుంచి రైలు టికెట్టు దాకా ఎక్కువ భాగం ఆ పునాది మీదనే నడుస్తున్నాయి. అందులో స్కీమా అంటే ఏ పట్టికలున్నాయి, ఒక్కొక్క దానిలో ఏ గడులున్నాయి, ఏ గడిలో ఏ రకం విలువ ఎంత మేరకు పట్టుతుంది అని చెప్పే వివరం. పొలంలో నీళ్ళు ఎటు పారాలో గట్లు చెప్పినట్టు, ఫైలులో అంకెలు ఎటు పోవాలో స్కీమా చెబుతుంది.

దీనికి చక్కటి ఉదాహరణ ఫిఫా ఫుట్‌బాల్ ఆట. ఆ వరస 1993లో మొదలై ఫిఫా 23 దాకా ఆ పేరుతోనే నడిచి, 2023 నుంచి ఈఏ స్పోర్ట్స్ ఎఫ్‌సి అయింది. మా దగ్గరున్నది 2015 నాటి ఫిఫా 16. అందులో రెండు ఫైళ్ళు జోడుగా ఉంటాయి. ఒకటి డేటాబేసు. రెండోది ఎక్స్ఎంఎల్ అనే పద్ధతిలో రాసిన మెటా ఫైలు. మొదటి దానిలో గడుల పేర్లు నాలుగేసి అక్షరాల పొట్టి గుర్తులుగా ఉంటాయి. వాటిని చూసి దేవుడు కూడా అర్థం చెప్పలేడు. రెండోది మాత్రం మామూలు అక్షరాల్లో ఉంటుంది. ఫలానా పొట్టి గుర్తుకు పూర్తి పేరు ఇది, ఇది అంకెనా అక్షరమా, దీనికి ఎన్ని బిట్లు కేటాయించారు, కనిష్ఠమెంత, గరిష్ఠమెంత, ఇది వరసను గుర్తించే కీ అవునా కాదా అని వరసగా చెబుతుంది. ఆట తన పని కోసం పెట్టుకున్న చీటీ అది. మాడర్లు రాసిన డీబీ మాస్టర్ లాంటి పనిముట్లు ఆ రెండు ఫైళ్ళనూ పక్కపక్కన పెట్టుకుని, అర్థం కాని అంకెలను మనం చదివే పట్టికగా తెరిచి చూపిస్తాయి. ఏ ఏటి ఆటకు ఆ ఏటి మెటా ఫైలే కావాలి. ఒక ఊరి పహాణికి ఇంకొక ఊరి తలకట్టు పనికిరాదు కదా.

సైన్సు విద్యార్థులు ముచ్చటపడే సంగతి ఇక్కడ ఒకటున్నది. ఆటగాడు ఏ కాలితో తన్నుతాడనే గడిలో 1 అంటే కుడి, 2 అంటే ఎడమ. రెండే విలువలు గనక ఒక్క బిట్టు చాలు. ఫైలులో నిజంగా ఉండేది 0 లేదా 1. స్కీమా చెప్పిన కనిష్ఠాన్ని దానికి కలుపుకుంటే అసలు విలువ వస్తుంది. అదే లెక్కన ఎత్తు గడి 130 సెంటీమీటర్ల నుంచి మొదలవుతుందని స్కీమా చెబితే, 180 సెంటీమీటర్ల మనిషికి ఫైలులో 50 అని ఉంటుంది. నైపుణ్యం గడులు 99 దాటవు గనక వాటికి ఏడు బిట్లు చాలు. ఏడు బిట్లలో 128 విలువలు పడతాయి. ఈ బిట్లన్నీ మధ్యలో ఖాళీ లేకుండా, సంతలో బస్తాలు పేర్చినట్టు, ఒకదాని పక్కన ఒకటి ఒత్తి ఉంటాయి. ఎక్కడ ఒకటి ఆగి ఎక్కడ ఇంకొకటి మొదలవుతుందో తెలియకుండా చేయి పెడితే ఎత్తు మార్చబోయి బరువు మారుతుంది.

పుట్టిన తేదీ గడి ఇంకా వింత. అందులో తేదీ ఉండదు, రోజుల లెక్క ఉంటుంది. 1582 అక్టోబరు 15 మొదటి రోజు. ఆ రోజే ఎందుకంటారా? పోపు గ్రెగరీ సంస్కరించిన క్యాలెండరు, అంటే ఇవాళ మన గోడ మీద వేలాడే క్యాలెండరు, ఆ రోజున అమల్లోకి వచ్చింది. ఆ లెక్కన 1947 ఆగస్టు 15 అంటే 133253. 2000 జనవరి 1 అంటే 152385. నేను కాయితం మీద చేసి చూసుకున్నాను. మీరూ చేసి చూడండి, లీపు సంవత్సరాల దగ్గర 1700, 1800, 1900 లను మరిచిపోకుండా.

ఇంకొక మెలిక ముడుల సంగతి. ఆటగాళ్ళ పట్టికలో ఆటగాని పేరు ఉండదు. పేరు నంబరు ఉంటుంది. ఆ నంబరు పట్టుకుని పేర్ల పట్టికలోకి పోవాలి. అతను ఏ జట్టులో ఉన్నాడనేది కూడా అక్కడ ఉండదు. జట్లకు వేరే పట్టిక, ఎవరు ఏ జట్టుకు చెందుతారో చెప్పడానికి మధ్యలో ఇంకొక పట్టిక. అందువల్ల ఆటగాడు జట్టు మారితే అతని వరసను కదిలించే పని లేదు. మధ్య పట్టికలో ఒక్క అంకె మారిస్తే చాలు. పిల్ల అత్తారింటికి పోయినంత మాత్రాన పుట్టిన తేదీ మారదు కదా, ఇదీ అంతే. గరిష్ఠం దాటిన విలువ పెట్టినా, లేని జట్టు నంబరు రాసినా ఆట మధ్యలో ఆగిపోతుంది. ఫైలు చెడలేదని తేల్చే సరిచూపు అంకె కూడా ఒకటుంటుంది. దాన్ని పనిముట్టే మళ్ళీ లెక్క కట్టి రాస్తుంది.

నిరుడు మేం నలుగురం మిత్రులం కలిసి దీనితో ఒక పని మొదలుపెట్టాం. 2021లో వచ్చిన ఫిఫా 22లో ఐఎస్ఎల్ జట్లు చేరాయి. వాటితో పాటు 2019లో పుట్టిన హైదరాబాద్ ఎఫ్‌సి కూడా ఆటలోకి వచ్చింది. ఆ జట్టే 2022 మార్చిలో ఐఎస్ఎల్ కప్పు గెలిచింది. బాగానే ఉంది. కానీ హైదరాబాదు ఫుట్‌బాల్ 2019లో పుట్టలేదే! 1950 నుంచి 1954 దాకా వరసగా ఐదేళ్ళు రోవర్స్ కప్పు గెలిచింది హైదరాబాద్ సిటీ పోలీసు జట్టు. దానికి శిక్షకుడు సయ్యద్ అబ్దుల్ రహీం. ఆయన తర్ఫీదులోనే భారత జట్టు 1951 ఢిల్లీ ఆసియా క్రీడల్లోనూ, 1962 జకార్తా ఆసియా క్రీడల్లోనూ బంగారు పతకాలు తెచ్చింది. 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానం పొందింది. నూర్ మహమ్మద్, అజీజుద్దీన్, జుల్ఫికరుద్దీన్, గోల్‌కీపర్ పీటర్ తంగరాజ్, సికింద్రాబాద్ అమ్ముగూడలో పుట్టిన తులసీదాస్ బలరాం, వీళ్ళంతా మన గడ్డ ఆటగాళ్ళు. వీళ్ళను ఫిఫా 16లోకి ఎక్కించి, ఇవాళ్టి పిల్లలు వాళ్ళతో ఆడుకునేట్టు చెయ్యాలని మా కోరిక. ఉన్న ఒక చిన్న జట్టు వరసలు తీసుకుని, వాటి స్థానంలో వీళ్ళను రాయసాగాం. అమ్మకానికి కాదు, పోటీల్లో మోసానికి కాదు. కొనుక్కున్న ఆటలో మా వరకు మేం చేసుకునే పని.

పేర్లు సులువుగానే ఎక్కాయి. చిక్కు తరవాత మొదలైంది. బలరాం పుట్టింది 1936లో. ఆ తేదీ అట్లాగే రాస్తే 2015 నాటి ఆట ఆయనను డెబ్బై ఎనిమిదేళ్ళ ముసలాయన కింద లెక్క కడుతుంది. కనక ఏళ్ళు ముందుకు జరపక తప్పలేదు. బూటు రకానికి ఒక గడి ఉంది. 1952 హెల్సింకీ ఒలింపిక్స్‌లో మనవాళ్ళు చాలామంది ఉత్త కాళ్ళతోనే ఆడి యుగోస్లావియా చేతిలో 10-1తో ఓడిపోయారు. బూట్లు తప్పనిసరి చేసింది ఆ తరవాతనే. ఉత్త కాళ్ళకు ఆ గడిలో అంకె ఏది? మాకు కనబడలేదు.

అన్నిటికంటే పెద్ద చిక్కు నైపుణ్యం గడులతో వచ్చింది. పరుగు వేగం, తలతో కొట్టే నేర్పు, బంతి అందించే కచ్చితం, ఇట్లా ఒక్కొక్క ఆటగానికి పదుల కొద్దీ గడులు. ప్రతిదానిలోనూ 99 లోపు ఒక అంకె ఉండి తీరాలి. డెబ్బై ఏళ్ళ కిందట ఆడిన మనిషి తలతో ఎంత బాగా కొట్టేవాడో మాకేం తెలుసు? సినిమా రీళ్ళు లేవు, లెక్కలు లేవు. మాలో ఒకడు అన్నాడు: “తెలవనివన్నీ 50 పెట్టెయ్ రా, మధ్య రకంగ ఉంటది.” ఇంకొకడు అన్నాడు: “ఆసియా ఛాంపియన్లకు 50 ఏందిరా, 85 పెట్టు!” రెండూ అబద్ధాలే. 50 అంటే మధ్యరకం ఆటగాడని అర్థం గానీ, మాకు తెలియదని అర్థం కాదు. స్కీమాలో ‘తెలియదు’ అనే మాటకు చోటు లేదు. చోటు లేని చోట రాసేవాడు ఏదో ఒకటి రాస్తాడు. చదివేవాడు దాన్ని నిజమనుకుంటాడు.

ఆ రాత్రి ఆ 50ల వరసను చూస్తుంటే నాకు మళ్ళీ పహాణి గుర్తొచ్చింది. పాత పహాణిలో పట్టాదారు గడి ఒకటి, అనుభవదారు గడి ఒకటి, రెండూ ఉండేవి. భూమి ఎవరి పేర ఉందో మొదటిది చెబితే, ఎవరి చేతిలో ఉందో రెండోది చెప్పేది. 2020లో తెలంగాణలో భూమి హక్కుల చట్టం మారినప్పుడు అనుభవదారు గడి తీసివేశారు. ఆ గడిని అడ్డం పెట్టుకుని తగాదాలూ, పైరవీలూ నడుస్తున్నాయన్నది సర్కారు చెప్పిన కారణం. అది తీసేస్తే దున్నేవాని జాడే ఉండదన్నది కౌలు రైతుల పక్షాన మాట్లాడినవాళ్ళ వాదన. 2025లో భూభారతి చట్టం వచ్చింది. ఎవరి వాదన ఎంతవరకు న్యాయమో తేల్చేటంత వాణ్ణి కాను. కానీ ఆ వాదులాట అంతా ఒక గడిని గూర్చి అన్నది మాత్రం నాకు అర్థమైంది. ఇది వట్టి కంప్యూటరు సంగతి కాదని అప్పుడు తెలిసింది.

మా నాయన మూడెకరాలు సొంతానికీ, నాలుగెకరాలు కౌలుకూ చేస్తాడు. మా నడిగడ్డలో కౌలంటే నోటి మాట. గడి ఉన్న రోజుల్లో కూడా ఆ నాలుగెకరాల మీద ఆయన పేరు ఎక్కలేదు. ఎక్కించమని ఆయన అడగలేదు, భూమి గల ఆసామి ఒప్పుకునేవాడూ కాదు. సెలవులకు పోయినప్పుడు విత్తన పత్తి చేలో ఆడ పూలకు మగ పూల పుప్పొడి అద్దుతూ ఈ ఆట సంగతంతా చెప్పినాను. ఆయన చివరిదాకా విని అన్నాడు: “నేను దున్నేది ఊరందరికీ తెలుసురా. కాయితానికే తెల్వదు. గడి ఉంటే ఇయ్యాల కాకుంటే రేపన్న ఎవడో రాస్తడు. గడే లేకుంటే రాయమని యాడ అడగాల?”

నా మూడేళ్ళ చదువులో ఇంత సూటిగా ఎవరూ స్కీమాను వివరించలేదు. గడి ఉన్నంత మాత్రాన న్యాయం జరగదు. కానీ గడి లేకపోతే అన్యాయం జరిగినట్టు కూడా ఎక్కడా కనబడదు. ఖాళీ గడి అడుగుతూ ఉంటుంది, ఇక్కడ ఎవరి పేరుండాలని. అసలు గడే లేని పట్టిక నిండుగా, పొందికగా, ఏ లోటూ లేనట్టు కనబడుతుంది.

ఇట్లాంటి పట్టికలు గీసే పని రేపు మనలో చాలామందికి వస్తుంది. ఒకడు ఆసుపత్రికి గీస్తాడు, ఒకామె రేషను బియ్యానికి గీస్తుంది, ఇంకొకరు ఉపకార వేతనాలకు గీస్తారు. ‘తెలుసా, తెలియదా’ అని చెప్పడానికి ఒక గడి చేరిస్తే పట్టేది ఒక్క బిట్టు. ఎడమ కాలో కుడి కాలో చెప్పడానికి ఎంత చోటు పడుతుందో అంతే. అంత చోటు మిగుల్చుకుని ఎవరు బాగుపడతారు?

ఆట స్కీమాను మార్చడం మా చేతిలో లేదు. మార్చితే ఆట నడవదు. అందుకని మేం ఒక పని చేశాం. ఆ ఫైళ్ళ పక్కన మాదైన మూడో పట్టిక ఒకటి పెట్టాం. ప్రతి ఆటగాని ప్రతి గడికీ అందులో ఒక వరస: ఈ అంకె ఎట్లా వచ్చింది? పత్రికలో చదివిందా, పెద్దలు చెప్పిందా, లేక మేం వేసిన ఉజ్జాయింపా? ఇవాళ్టికి ఎక్కువ వరసల్లో ‘ఉజ్జాయింపు’ అనే ఉంది.

ఈ సంచిక పూర్వ విద్యార్థుల ఇళ్ళకు కూడా పోతుందని విన్నాను. అయ్యా, అమ్మా, రహీం గారి ఆటగాళ్ళను హైదరాబాదు మైదానాల్లో కళ్ళారా చూసినవాళ్ళు మీ ఇళ్ళలో ఎవరన్నా ఉంటే, ఒక పూట కూర్చుని చెప్పించుకుని ఈ సావనీరు సంపాదకుల చిరునామాకు రాసి పంపండి. ఎవరు ఎడమ కాలితో కొట్టేవారు, ఎవరు గాలిలోకి ఎగిరేవారు, ఎవరు వానలో కూడా జారకుండా పరుగెత్తేవారు. ఏ చిన్న ముక్కైనా సరే. ఆ పట్టికలో ఒక్కొక్క ఉజ్జాయింపును కొట్టివేసి, ఫలానా వారు చూసి చెప్పినది అని రాసుకోవాలని మా ఆశ.